పదకొండో నవ్వు

శాంసన్‌కు దీవెన నవ్వు నాలుగు నెలలుగా తెలుసు. దీవెన మాత్రం ఒక సోమవారం సాయంత్రం నంద్యాల బస్టాండులో, ఆళ్లగడ్డ బస్సు పక్కన తెలిసింది. ఆ రెంటికీ పొంతన లేదన్న సంగతి కూడా అప్పుడే తెలిసింది.

ముందు నవ్వు సంగతి చెప్పుకుందాం. హైదరాబాదులో ఒక టీవీ చానల్లో 'నవ్వుల బండి' అనే కామెడీ షో వస్తుంది. దానికి శాంసన్ ఎడిటరు. నంద్యాలలో పెళ్లి వీడియోలు మిక్సింగ్ చేసుకుంటూ బతికినవాడు ఆరేళ్లలో అంత దూరం పోయాడంటే కారణం ఒకటే. అతనికి ఆగడం చేతకాదు. జోకుకూ జోకుకూ మధ్య రెండు సెకన్లు ఖాళీ కనిపిస్తే చాలు, వేళ్లు జిలపెట్టేవి. టక్కున కోసిపారేసేవాడు. ఆఫీసులో అందరూ అతన్ని 'గ్యాప్ శాంసన్' అనేవాళ్లు. అది తిట్టో పొగడ్తో అతనికి అర్థం కాలేదు, అర్థం చేసుకునేంత సేపు ఎక్కడా కూర్చోలేదు కూడా.

మరి జోకు పేలకపోతే? దానికీ మందుంది. ప్రేక్షకుల్లో ఎవరో ఎప్పుడో వేరే దేనికో నవ్విన నవ్వును కోసుకొచ్చి అక్కడ అతికిస్తారు. శాంసన్ దగ్గర అలాంటి నవ్వుల ఫోల్డరు ఒకటుంది. అందులో రెండు వందల నవ్వులున్నాయి. అన్నిట్లోకీ మేలైనది పసుపు చున్నీ అమ్మాయిది. ఎండాకాలంలో షో నంద్యాలకు వచ్చి ఒక ఫంక్షన్ హాల్లో రికార్డు చేసినప్పుడు మూడో కెమెరాకు దొరికింది. తల వెనక్కి వేసి, పక్కనున్న స్నేహితురాలి భుజం మీద దబదబా బాదుతూ, కళ్లల్లో నీళ్లు వచ్చేదాకా నవ్వు. మూడు సెకన్ల పది ఫ్రేములు. చచ్చిన జోకు పక్కన పెడితే అది లేచి కూర్చునేది. నిజం చెప్పొద్దూ, ఏ జోకూ లేకపోయినా శాంసన్ రోజుకొకసారి ఆ ఫోల్డరు తెరిచి చూసుకునేవాడు.

తల్లి శాంతమ్మకు కంటి ఆపరేషనైతే సెలవు పెట్టి నంద్యాల వచ్చాడు. కంటి చుక్కల మందు కొనుక్కుని బస్టాండులోంచి అడ్డంగా నడుస్తుంటే ఆ ముఖం కనబడింది. చంకలో పుస్తకాల కట్ట, చేతిలో గొడుగు, పైన సన్నగా తుంపర.

"పసుపు చున్నీ!" అని అరిచేశాడు.

ఆమె వేసుకున్నది నీలం చున్నీ. ఒకసారి దాన్ని చూసుకుంది, ఒకసారి ఇతన్ని చూసింది.

"ఏందన్నా?"

అన్నా అనేసరికి శాంసన్‌కు కొంచెం నొప్పి పుట్టింది. అయినా ఆగితే అతను శాంసన్ ఎలా అవుతాడు?

"మీ నవ్వు నాకు బాగా తెలుసండీ. రోజూ చూస్తాంటా."

"రోజూనా? యాడ చూస్తాంటావ్?"

"కంప్యూటర్లో."

ఆమె గొడుగు మూసింది. వాన తగ్గినందుకు కాదు.

"అయ్యో, అట్ల కాదండీ! నేను నవ్వుల బండి షో ఎడిటర్ని. పేరు శాంసన్. ఈ ఊరే మాది, మా యమ్మ శాంతమ్మ అని, చర్చిలో ఎవరినడిగినా చెప్తారు. షోలో మీ నవ్వు పదకొండు సార్లు వాడినా. పదకొండు జోకులు బతికినాయి మీ పుణ్యాన."

పైకి లేచిన గొడుగు మెల్లగా దిగింది.

"అతికిచ్చింది నువ్వేనా?"

"నేనే," అన్నాడు శాంసన్, స్టేజి మీద అవార్డు అందుకుంటున్నవాడిలా.

"అయితే పదకొండోది ఏ జోకుకు అతికిచ్చినావో గుర్తుందా, బ్రదర్?"

అన్నా పోయి బ్రదర్ వచ్చింది. పెనం మీంచి పొయ్యిలో పడటమంటే ఇదే.

"ఎందుకు గుర్తుండదు? నత్తి మాస్టారి స్కిట్టు. మాస్టారు హాజరు పిలుస్తాంటే పిల్లోళ్లు ముందే ఆయన మాటలు పూర్తి చేస్తాంటారు. చప్పగా ఉండె. మీ నవ్వు పడినాక..."

"ఆ స్కిట్టుకు నేను నవ్వల్యా. అంతకుముందు ఫ్యాను గాలికి యాంకరు విగ్గు ఎగిరిపోతే నవ్వినా."

"అది నాకూ తెలుసండీ. కానీ మా పనే అంత, ఈడిది ఆడ..."

"మా నాయనకు నత్తి."

ఆమె పుస్తకాల కట్టను ఇంకో చంకలోకి మార్చుకుంది.

"ముప్పై మూడేండ్లు టీచరు చేసినాడు మా నాయన. పోయిన నెల మీ షో వచ్చినప్పుడు మా వీధి వీధంతా చూసింది, నేను పండ్లికిలిచ్చి నవ్వేది. ఆయనా చూసినాడు. నా పక్కనే కూర్చోని."

కండక్టరు బస్సు మీద చరిచాడు. ఆమె మెట్టెక్కి వెనక్కి తిరిగింది.

"ఆళ్లగడ్డకు వచ్చి కృపావరం సారు ఇల్లు యాడ అని అడుగు. చెప్పేముందు నవ్వుతారు. ఆ నవ్వు నువ్వు అతికిచ్చిందే."

బస్సు పోయింది. తుంపర వానైంది. గొడుగు ఉన్న మనిషి వెళ్లిపోయాక వాన పెద్దదవడం లోకంలో మామూలే.

ఇంటికి చేరేసరికి శాంసన్ తడిసి ముద్దయ్యాడు. నల్లద్దాలు పెట్టుకుని మంచం మీద కూర్చున్న శాంతమ్మ అడుగుల చప్పుడు విని నవ్వింది.

"ఏంరా అట్ల తూలుతాండావ్? ఆపరేషన్ నాకు, కండ్లు తిరిగేది నీకా?"

అతను బదులు చెప్పకుండా లాప్‌టాప్ తెరిచాడు. నంద్యాల రికార్డింగు మొత్తం హార్డ్ డిస్కులో ఉంది. విగ్గు ఎగిరిన చోటు దొరికింది. ఆమె చెప్పింది నిజమే, నవ్వు అక్కడిదే. అది అతనికి తెలియంది కాదు. తర్వాత స్కిట్టు దగ్గరికి వెళ్లి మూడో కెమెరా ఏం తీసిందో చూశాడు.

నత్తి మాస్టారు మొదటి మాట దగ్గర తడబడగానే హాల్లో అక్కడక్కడా కొందరు నవ్వారు. పసుపు చున్నీ అమ్మాయి మాత్రం తల దించుకుంది. పక్కనున్న స్నేహితురాలు ఆమె చెయ్యి పట్టుకుంది. కాసేపటికి ఆమె ఆ చెయ్యి విడిపించుకుని లేచి బయటికి వెళ్లిపోయింది. కెమెరామన్ మర్చిపోయాడేమో, ఖాళీ కుర్చీ అలాగే కనబడుతూ ఉంది. మొత్తం నలభై సెకన్లు.

శాంసన్‌ను కుదిపింది అది కాదు. ఆ షాటు కింద ఎడిటింగప్పుడు తనే కొట్టి పెట్టుకున్న మాటలు: 'ఖాళీ కుర్చీ. వద్దు.' అంటే చూశాడు. చూసి తీసేశాడు. ఏమీ జరగని నలభై సెకన్లనుకున్నాడు. అతనికి సిగ్గేసింది. మామూలు సిగ్గు కాదు, తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియనంత సిగ్గు.

"ఎవర్రా ఆ పిల్ల?" అంది శాంతమ్మ.

"ఏ పిల్లమ్మా? నీకు కండ్లు కనపడటం ల్యా గదా?"

"చెవులుండాయి. పొద్దు గుంకేదాకా టకటకమనే నీ వేళ్లు అర్ధగంట నుంచి ఆగిపోయినాయి. అందుకే అడుగుతాండా."

మరునాడు పొద్దున్నే ఆళ్లగడ్డలో బస్సు దిగాడు. రోడ్డు వారగా షెడ్లలో ఉలుల చప్పుడు. కనుబొమల దాకా రాతిపొడి పట్టిన ఒక శిల్పిని కృపావరం సారు ఇల్లెక్కడని అడిగాడు.

"క్... క్... కృపావరం సారా?" అని నవ్వి, "రెండో సందప్పా," అని చెయ్యి చూపించాడు ఆ మనిషి. చెడ్డవాడేం కాదు. దాహమేస్తోందా అని నీళ్లు కూడా ఇచ్చాడు. శాంసన్ ఒక్క గుక్క తాగి చెంబు తిరిగిచ్చేశాడు.

కృపావరం సారు వాకిట్లో కుర్చీ వేసుకుని పేపరు చదువుతున్నాడు. పొడుగ్గా, సన్నగా, ఇస్త్రీ చొక్కాలో ఇప్పుడే బడికి బయల్దేరేలా ఉన్నాడు. శాంసన్ నమస్కారం పెట్టాడు.

"నువ్వు... య్... యా..."

"యాడి నుంచి వచ్చినానా సార్? నంద్యాల నుంచి," అన్నాడు శాంసన్ చటుక్కున.

సారు తలూపాడు. "ఏం... ప్... ప్..."

"పనా సార్? టీవీలో ఎడిటర్ని. నిన్న మీ పాపను బస్టాండులో కలిసినా. క్షమాపణ చెప్పుకుందామని వచ్చినా."

సారు అతని కాళ్ల వైపు చూస్తూ కొంచెం కంగారుగా, "నీ... క్... క్..." అన్నాడు.

"కాఫీ వద్దు సార్, తాగే వచ్చినా."

సారు అడ్డంగా తలూపాడు. "క్... క్..."

"కులమా సార్? మేమూ క్రైస్తవులమే."

"కాలి కింద చీమలుండాయి," అని పూర్తి చేశాడు సారు. అప్పటికే గండుచీమలు ప్యాంటు లోపలికి ఎక్కేశాయి. శాంసన్ వాకిట్లో వేసిన గంతులు వర్ణించడం కష్టం. గడప దగ్గర దీవెన నిలబడి ఉంది. ఆమె నవ్వలేదు.

"ఆయన మాటలు నువ్వేంటికి చెప్తాండావ్, బ్రదర్?"

శాంసన్ చీమలు దులుపుకుంటూ ఆగిపోయాడు. మూడు మాటలు, నాలుగుసార్లు. ఖాళీ కనబడగానే కోసేశాడు.

వెంట తెచ్చిన లాప్‌టాప్ తెరిచి ఇద్దరికీ చూపించాడు. ముందు విగ్గు, తర్వాత నలభై సెకన్లు. ఖాళీ కుర్చీ దాకా సారు కళ్లార్పకుండా చూశాడు. దీవెన చున్నీతో ముఖం తుడుచుకుంది.

"ఇది చూసినారు గదా సార్. ఆమె మిమ్మల్ని చూసి నవ్వల్యా," అన్నాడు శాంసన్.

సారు మాట్లాడటం మొదలుపెట్టాడు. చాలాసేపు పట్టింది. శాంసన్ నాలుక కొరుక్కుని కూర్చున్నాడు.

"నా బిడ్డ... నన్ను చూసి నవ్వదని... నాకు తెలుసప్పా. దానికి... ఈ పెట్టె అక్కర్లేదు. బాధ... అది కాదు. చర్చిలో... ఇరవై రెండేండ్లుగా... వాక్యం చదివేది నేనే. మాట... నిలబడిపోతే... అందరూ ఆగేవాళ్లు. మీ షో వచ్చినాక... ఆగడం ల్యా. ముందే... వాళ్లే చెప్పేస్తాండారు."

మిగతాది దీవెన చెప్పింది. షో వచ్చిన మరుసటి ఆదివారం సారు చదువుతున్నది బైబిలులోని నెహెమ్యా గ్రంథంలో, పడిపోయిన ఊరిగోడను తిరిగి కట్టినవాళ్ల పేర్లు. అన్నీ నోరు తిరగని పేర్లు. సారు ఒక్కో పేరు దగ్గర ఆగినప్పుడల్లా వెనక బెంచీలవాళ్లు అచ్చం స్కిట్టులోలాగే కోరస్‌గా అందించారు. సారు పుస్తకం మూసి కూర్చున్నాడు. మళ్లీ లేవలేదు.

"ఇంగ పో బ్రదర్," అంది చివరికి. "నువ్వు కోసింది నీ పెట్టెలో కాదు. మల్ల అతికిచ్చేది నీ చేతిలో ల్యా."

శాంసన్ లేచాడు. గేటు దాకా పోయాడు. చేసిన తప్పును ఇలాగే వదిలేసి పోలేననిపించి వెనక్కొచ్చాడు.

"సార్, నేను శనివారం దాకా ఈడే ఉంటా. రోజూ వస్తా. ఆ పేర్లన్నీ నాకు చదివి వినిపించండి. నేను ఒక్క మాట కూడా అందియ్యను. అందిస్తే ఆ చీమల పుట్ట మీదనే కూర్చోబెట్టండి."

సారు అతన్ని ఎగాదిగా చూశాడు. ముప్పై మూడేళ్ల అనుభవం. ఏ విద్యార్థికి ఏ శిక్ష సరిపోతుందో ఆయనకు తెలుసు.

"ఏడింటికి... రా."

ఆ శిక్ష మామూలుది కాదు. మొదటి రోజు మూడో పేరు దగ్గరే శాంసన్‌కు ఒళ్లంతా చెమట పట్టింది. మాట సారు గొంతులో ఆగిపోయేది. ఐదు సెకన్లు, ఏడు సెకన్లు, పది. శాంసన్ వేళ్లు కీబోర్డు కోసం గుంజేవి. రెండు చేతులూ తొడల కింద పెట్టుకుని కూర్చునేవాడు. సారు మాత్రం ఒక్క పేరూ వదలలేదు.

"కష్టమైనవి వదిలేయొచ్చు గదా సార్?" అని గురువారం ఉండబట్టలేక అడిగాడు.

"హాజరు పట్టీలో... పేరు సగంలో వదిలేస్తే... ఆ పిల్లోణ్ణి... సగంలో వదిలేసినట్టు," అన్నాడు సారు. శాంసన్ చేతులు మళ్లీ తొడల కింద పెట్టుకున్నాడు.

సారు చదవడం అయ్యాక దీవెన తను పాఠాలు చెప్పే నంద్యాల బడికి బయల్దేరేది. బస్టాండు దాకా దారి ఒకటే.

"ఏంది బ్రదర్, ఈపొద్దు ఎన్నిసార్లు నోరు తెరిచినావ్?"

"రెండుసార్లే. అది కూడా ఆవలింత."

"అబద్ధం. కిటికీలో నుంచి చూస్తాండా. తొమ్మిది సార్లు."

"రోజూ చూస్తాంటావా?"

అడిగాక ఆ మాట బస్టాండులో ఎవరు ఎవర్ని అడిగారో గుర్తొచ్చింది ఇద్దరికీ. దీవెన గొడుగుతో ముఖం దాచుకుంది. ఆ రోజు వాన లేదు.

"ఆ బ్రదర్ అనేది ఎప్పుడు మానేస్తావ్?"

"మా నాయన లేచి చదివిన రోజు."

ఇక్కడ హైదరాబాదు సంగతి కూడా చెప్పాలి. ప్రొడ్యూసర్ షాలిని రోజుకు పదిసార్లు ఫోన్ చేస్తోంది.

"శాంసన్, పసుపు చున్నీ ఏది? ఫోల్డర్లో లేదు!"

"తీసేసినా మేడం. యూట్యూబులో ఉన్న ఆ స్కిట్టులో కూడా ఆమె నవ్వు తీసి కొత్తది పంపినా. మార్పించండి."

"నవ్వు తీసి ఏం పెట్టావ్?"

"ఖాళీ కుర్చీ. రెండు సెకన్లు."

"కామెడీలో ఖాళీ కుర్చీ ఏంటి? సర్లే, ఇప్పుడు దాన్నెవరు చూస్తారు, మారుస్తా. అసలు విషయం విను. చీఫ్ ఎడిటర్ పోస్టు ఆదివారం పొద్దున మీటింగులో తేలుస్తున్నారు. నీ పేరే ఉంది. నువ్వొస్తే నీది, రాకపోతే హరీష్‌ది."

ఆరేళ్లుగా నిద్ర మానుకుని పరిగెత్తింది ఆ కుర్చీ కోసమే. శాంసన్‌కు ఆ శుక్రవారమంతా ఒక చోట కాలు నిలవలేదు. నంద్యాలలో ఇంటి ముందు పది ప్రదక్షిణలు చేశాడు. చివరికి షాలినికి ఫోన్ చేసి, "సోమవారం వస్తా మేడం," అన్నాడు. అవతల ఫోన్ టక్కున కట్ అయింది. కోత అంటే ఎలా ఉంటుందో అతనికి తెలిసొచ్చింది.

ఆదివారం ఆళ్లగడ్డ చర్చిలో శాంసన్ ముందు కూర్చోలేదు. వెతుక్కుని మరీ వెనక బెంచీలో, కోరస్ బ్యాచ్ నడుమ ఇరుక్కున్నాడు. పక్కన జకరయ్య అని కండలు తిరిగిన యువకుడు, మంచి గొంతు, కోరస్‌కు నాయకుడు అతనే.

కృపావరం సారు లేచాడు. చర్చిలో గుసగుసలు రేగాయి. ముందు వరసలో దీవెన వీపు నిటారుగా బిగుసుకుపోయింది. సారు పుస్తకం తెరిచి, నెల కిందట ఆపిన పేరు దగ్గరే మొదలుపెట్టాడు.

రెండు పేర్లు సాఫీగా వెళ్లాయి. మూడో పేరు గొంతులో ఆగింది.

ఒకటి, రెండు, మూడు సెకన్లు. జకరయ్య పెదవులు తెరుచుకున్నాయి. శాంసన్ అతని మోకాలి మీద చెయ్యి వేశాడు.

"ఆగప్పా. వస్తాది," అన్నాడు మెల్లగా.

"ఊరికే, తమాషాకన్నా..."

"తెలుసు. ఆ తమాషా నేర్పిచ్చింది నేనే. ఆగు."

జకరయ్య అతన్ని వింతగా చూసి నోరు మూసుకున్నాడు. ఆరు, ఏడు, ఎనిమిది. ఫ్యాను చప్పుడు వినబడుతోంది. ఎక్కడో పసిబిడ్డ ఎక్కిళ్లు పెడుతోంది. పదకొండో సెకను దగ్గర పేరు బయటికొచ్చింది, చెక్కుచెదరకుండా, మొత్తంగా. వెనక బెంచీలో ఎవరో ఊపిరి వదిలారు. అది జకరయ్యే.

రెండు నిమిషాల వాక్యం తొమ్మిది నిమిషాలు పట్టింది. గోడ కట్టిన ఒక్కడి పేరూ మిగల్లేదు. గంటసేపట్లో తొంభై కట్‌లు వేసే శాంసన్ ఆ తొమ్మిది నిమిషాలూ కదల్లేదు. అయ్యాక చూసుకుంటే చేతులు తొడల కింద లేవు, ఒళ్లో ఊరికే పడి ఉన్నాయి.

బయట సన్నగా చినుకులు. దీవెన గొడుగు పట్టుకుని వచ్చింది. అదే గొడుగు. వెనక సారు.

"హైదరాబాదుకు పోలేదా?" అంది. "చీఫ్ ఎడిటర్ అవుతావని కండక్టరుతో కూడా చెప్పినావంట?"

"హరీష్ అయినాడు. ఇప్పుడే మెసేజ్ వచ్చింది," అన్నాడు శాంసన్. బాధగానే ఉంది, దాచుకోలేదు. "ఆ నవ్వుల ఫోల్డరు కూడా మొత్తం తీసేసినా. ఇంగ యాడి నవ్వు ఆడనే ఉంటాది. దీవెనా, ఇంకోటి చెప్పల్ల."

"చెప్పు."

"నేను... నిన్ను..."

అంతే. మాట రాలేదు. జీవితంలో మొదటిసారి శాంసన్ గొంతులో మాట ఇరుక్కుంది. ఆమెకు తెలుసు. సారుకు తెలుసు. గేటు దగ్గర నిలబడ్డ జకరయ్యకు కూడా తెలిసిపోయి, నోరు తెరవబోయి, తనంతట తానే మూసుకున్నాడు. ఎవరైనా ఆ ముక్క అందిస్తే బాగుండునని శాంసన్ దీనంగా దీవెన వైపు చూశాడు.

ఆమె గొడుగు అతని మీదికి జరిపింది.

"ఆగుతాండాం. నువ్వే చెప్పు."

చినుకులు గొడుగు మీద టపటపలాడాయి. ఎన్ని సెకన్లో అతను లెక్కపెట్టలేదు.

"నిన్ను పెండ్లి చేసుకోవల్లనుకుంటాండా," అన్నాడు. ఆ తర్వాత భయంభయంగా సారు ముఖం చూశాడు.

సారు గొంతు సవరించుకున్నాడు. "క్... క్..."

శాంసన్ ఉలిక్కిపడి కాళ్ల కింద చూసుకున్నాడు. చీమలు లేవు. మళ్లీ తలెత్తి, చేతులు కట్టుకుని, బుద్ధిగా నిలబడ్డాడు.

"కాఫీ..." అన్నాడు సారు తీరిగ్గా, "తాగి పో అల్లుడా. ఈసారి... వద్దనకు."

అప్పుడు నవ్వింది దీవెన. తల వెనక్కి వేసి, శాంసన్ భుజం మీద దబదబా బాదుతూ, కళ్లల్లో నీళ్లు వచ్చేదాకా. మూడు సెకన్ల పది ఫ్రేముల దగ్గర అది ఆగలేదు. ఆ తర్వాత కూడా ఇంత నవ్వు ఉంటుందని, అంత పెద్ద ఎడిటరుకు, అంతవరకూ తెలియదు.